తువ్వాలు కింద వేలు

నేను నోరు తెరవలేదు.

ముప్పై ఏళ్లకు పైగా ఈ ఒక్క మాట పట్టుకుని బతికినాను. మాట నిజమే. నిజం కాబట్టే ఇంత బరువు. పచ్చి అబద్ధమైతే ఎప్పుడో ఎవరో పట్టుకునేవాళ్లు, నాలుగు తిట్టేవాళ్లు, అంతటితో పోయేది. నిజాన్ని ఎవరు పట్టుకుంటారు?

మీరెవరో నాకు తెలియదు. అదే మేలు. తెలిసిన మనిషి ఎదురుగా ఉంటే ముఖం చూసి మాట కొంచెం తగ్గిస్తాను, కొంచెం పెంచుతాను. అంగట్లో పెరిగిన బుద్ధి అది. ప్రొద్దుటూరులో మా నాయనది గుడ్డల అంగడి, మా చిన్నాయనది ఎదురంగడి, మా మేనమామ సంతలో ఎద్దుల దళారి. మా ఇంట్లో ఇంకో ముద్ద అన్నం అడగడం కూడా బేరం మాదిరే ఉండేది. పదేళ్లకే గుడ్డ అంచును బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య రుద్ది, ఇందులో నూలెంత, పాలిస్టరెంత అని చెప్పేవాణ్ణి. ఈ వేళ్లను గుర్తుపెట్టుకోండి. నేరం చేసింది ఇవే.

చూసినారా, అప్పుడే నేరాన్ని వేళ్ల మీదికి నెట్టేసినాను. మళ్లీ మొదలుపెడతాను. నేరం చేసింది నేను.

అప్పుడు నేను కువైట్‌లో, మిర్కాబ్‌లోని ఒక గుడ్డల షాపులో సేల్స్‌మన్‌ని. తొంభై ఆగస్టులో ఇరాక్ దండు వచ్చింది. మనవాళ్లంతా దొరికిన బండెక్కి బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాన్ పోయి, అక్కడ విమానం పట్టుకున్నారు. నేను పోలేదు. ధైర్యమని అనుకునేరు. ఊరు ఊరంతా భయపడుతున్నప్పుడు సరుకు చౌకగా దొరుకుతుంది, అదొక్కటే కారణం. బ్యాటరీలు ఇచ్చి పాలపొడి తీసుకునేవాణ్ణి, పాలపొడి ఇచ్చి ఇంకేదో తీసుకునేవాణ్ణి. ఒకనాడు ఒక కువైటీ ఇంటినుంచి బయటికి వస్తుంటే సైనికులు పట్టుకున్నారు. దాక్కున్నవాళ్లకు తిండి చేరవేస్తున్నానని కేసు. చేరవేయడమా! రెండు డబ్బాల పాలపొడికి వాళ్ల టేపురికార్డరు బేరం కుదుర్చుకుని వస్తున్నాను. జీవితంలో ఒక్కసారి నన్ను మంచివాడని అనుమానించినారు, జైల్లో వేసినారు.

జైలంటే జైలు కాదు. ఖైతాన్ పక్కన ఆడపిల్లల బడి. బెంచీలు వరండాలో పేర్చి, క్లాసుల్లో మనుషులను కుక్కినారు. గోడల మీద మిగిలిన బొమ్మలను బట్టి గదులకు పేర్లు పడినాయి. పటం గది, పక్షుల గది, లెక్కల గది. చివర సూదిపని గది. పిల్లలకు కుట్టు నేర్పించే మిషన్లు అందులో ఉండేవి. సైనికుల చిరుగులు కుట్టడానికి ఖైదీల్లోనుంచే ఒక టైలరును అక్కడ కూర్చోబెట్టినారు.

అతనే మస్తాన్. రాయచోటి మనిషి, ఖైతాన్‌లో చిన్న టైలరు షాపు. ఒక కువైటీని పనివాడి బట్టలేసి తన షాపులో దాచినాడని పట్టుకొచ్చినారు. మెడలో టేపు ఎప్పుడూ ఉండేది, నిద్రలో కూడా. తెలుగు మాట విని నన్ను తన దగ్గరికి పనికి అడిగి పిలిపించుకున్నాడు. గుడ్డలు మడత పెట్టడం, మూటలు కట్టడం నా పని. నన్ను శెట్టీ అనేవాడు. మొదటిరోజే సైనికుడి ప్యాంటుకు గుండీ కుడుతూ, దారం రెండే చుట్లు తిప్పి తెంపి, నావైపు చూసి, "యుద్ధం మధ్యలో ప్యాంటు జారల్ల శెట్టీ. మన చేతనైన సాయం" అన్నాడు. నవ్వలేక చచ్చినాను. ఆ గదిలో మాట్లాడితే తన్నేవాళ్లు.

గుండీలు కాదు అసలు సంగతి. ప్రతి శుక్రవారం ఖైదీల ఇండ్లవాళ్లు గేటు దగ్గరికి వచ్చేవాళ్లు. ఉతికిన బట్టలు ఇచ్చి, మాసిన బట్టలు తీసుకుపోవచ్చు. చూపుల్లేవు, మాటల్లేవు. లోపలున్న మనిషి బతికున్నాడా, బస్రా జైలుకు పంపించినారా, ఏదీ చెప్పేవాళ్లు కాదు. మాసిన బట్టలు వస్తే బతికున్నట్టు. రాకపోతే ఆ తల్లి ఎండలో నిలబడి నిలబడి పోయేది.

మూటలు కట్టడం నా పని అన్నాను కదా. మొదటివారమే ఒక దిష్‌దాషా, అదే అరబ్బుల పొడుగు చొక్కా, మడత పెడుతుంటే కింది అంచు దగ్గర నా వేళ్లు ఆగినాయి. గుడ్డ మీద గుడ్డ. నూలు చొక్కాలో లైనింగు ముక్క. బయటికి కుట్టు కనపడదు, అంత సన్నటి హెమ్మింగ్. తల ఎత్తితే మస్తాన్ నన్నే చూస్తున్నాడు. మిషన్ మాత్రం ఆపలేదు.

పక్షుల గదిలో అబూ ఫహద్ అని ఒక ముసలాయన ఉండేవాడు. బయట ఏదో బడిలో అరబ్బీ పాఠాలు చెప్పేవాడంట. గది నుంచి గదికి గుసగుసగా పేర్లు ఆయన దగ్గరికి చేరేవి. వేలెడు గుడ్డ ముక్క మీద సన్నటి అక్షరాలతో రాసేవాడు. పేరు, ఊరు, ఏ గది, ఎప్పుడు తీసుకుపోయినారు. ఎవరికీ సలహా లేదు, నినాదం లేదు. ఆ నాలుగు సంగతులే. దాన్ని మస్తాన్ ఆయన మాసిన చొక్కా కింది మడతలో పెట్టి కుట్టేసేవాడు. బయట అబూ ఫహద్ భార్య ఆ మడత విప్పి, ఒక తల్లికి, ఆమె ఇంకో తల్లికి చెప్పేది. తుపాకీ లేనివాళ్లు ఇంతకంటే ఏం చేస్తారు? కానీ ఇది తెలిస్తే చంపేస్తారని అందరికీ తెలుసు. మమ్మల్ని లెక్కలేకుండా మాయం చేయాలని చూసేవాళ్లకు పేరును మించిన శత్రువు లేదు.

మస్తాన్ నన్ను నమ్మినాడు. ఇంకో దారి లేదు, నా వేళ్లు చూసేసినాయి. అయితే మాట్లాడటం ఎట్ల? ఇద్దరికీ ఒక విద్య తెలుసు. మా పక్క సంతలో ఎద్దుల బేరం నోటితో జరగదు. కొనేవాడూ అమ్మేవాడూ చేతులు కలిపి పైన తువ్వాలు కప్పుతారు. లోపల ఒక వేలు పట్టుకుంటే ఒక అంకె, రెండు పట్టుకుంటే ఇంకో అంకె. అరచేతిలో గోరు గీస్తే కాదని. చుట్టూ ఎంతమంది నిలబడినా లోపల ఏం నడుస్తోందో ఎవరికీ తెలీదు. నాకు మా మేనమామ నేర్పినాడు, మస్తాన్‌కు వాళ్ల నాయన. సిగరెట్టు కోసం బేరమాడుతున్నట్టు మేమిద్దరం తువ్వాలు కింద చేతులు పెట్టేవాళ్లం. కాపలా సైనికులకు అదొక వేడుక. లోపల మస్తాన్ మూడు వేళ్లు పట్టుకునేవాడు. పైనుంచి మూడో చొక్కా అని. నేను దాన్ని మూట నడిమధ్యకు దోపేవాణ్ణి, గేటు దగ్గర తనిఖీ చేసేవాళ్లు పైవీ కిందివీ చూస్తారు కాబట్టి.

ఇంతవరకు వింటే మీకు నామీద గౌరవం కలుగుతుందేమో. అక్కడే ఆగండి. ఆ మొదటిరోజు వేళ్లు అంచు దగ్గర ఆగినప్పుడు నా మనసులో వచ్చిన మొదటి ఆలోచన ఏందో తెలుసా? ఇది ఎంతకు పోతుంది, అని. భయం కాదు, జాలి కాదు. సరుకు చేతికి తగిలింది, దాని ధర తట్టింది. ఆ ఆలోచనను వెంటనే అణిచేసినాను. నిజంగానే అణిచినానా? లేక ధర పెరిగేదాకా లోపల గదిలో దాచినానా? ఇన్నేళ్లు తవ్వుకున్నా ఇది తేలలేదు. బెదిరిస్తే చెప్పినానని నాకు నేను చెప్పుకుంటాను. కానీ బెదిరించకముందే నా దగ్గర అది అమ్మకానికి ఉండింది.

ఒక శుక్రవారం ఒక తల్లి గేటు దగ్గర అరిచింది. నా కొడుకును పటం గది నుంచి ఎక్కడికి తీసుకుపోయినారు, అని. పటం గది! ఆ పేరు లోపలున్న మాకు తప్ప ఎవరికీ తెలీదు. పాపం, కడుపుకోత. ఆమెను తప్పు పట్టను. కానీ బడికి అధికారిగా ఉన్న నకీబ్, అంటే కెప్టెన్, గేటు దగ్గరే ఉన్నాడు. విన్నాడు.

తర్వాతి బుధవారం, మధ్యాహ్నం నమాజు అయినాక, ఆయన సూదిపని గదికి వచ్చినాడు. కోపంగా రాలేదు. బల్ల మీద ఆ వారం మూటకు పేర్చిన చొక్కాలున్నాయి. కుర్చీ లాక్కుని నా ఎదురుగా కూర్చున్నాడు. మస్తాన్ మిషన్ దగ్గర, నాకు నాలుగడుగుల దూరంలో. రేపు పొద్దున హిందీల కోసం బస్సు పోతుందన్నాడు. హిందీలంటే వాళ్ల భాషలో మనం. ఎక్కేవాళ్ల పేర్లు తన జేబులో ఉన్నాయన్నాడు. నా పేరు ఉందో లేదో చెప్పలేదు. పేర్లు బయటికి ఎట్ల పోతున్నాయని మాత్రం అడిగినాడు. నేను నవ్వినాను, గిరాకీ ముందు నవ్వినట్టు. అప్పుడాయన బల్ల మీది తువ్వాలు తీసి, మా ఇద్దరి చేతుల మీద, పక్కనున్న చొక్కాల మీద కప్పి, నోటితో చెప్పలేకపోతే నీ సంత పద్ధతిలోనే చెప్పు అన్నాడు. మా వేడుక ఆయన కూడా చూసినాడు. కిటికీలోంచి ఎన్నిసార్లు చూసినాడో.

ఆయన చెయ్యి పెద్దది, చెమట పట్టి ఉండింది. నేను అరచేతిలో గోరు గీసినాను. కాదని. ఆయన నా రెండు వేళ్లు గట్టిగా నొక్కినాడు. మళ్లీ గీసినాను. ఇక్కడిదాకా నేను మనిషినే. దయచేసి ఇది ఒక్కటి నమ్మండి. రెండుసార్లు కాదన్నాను.

అప్పుడాయన చెయ్యి వెనక్కి తీసుకోబోయినాడు. లేవబోయినాడు.

గిరాకీ లేచి మెట్టు దిగుతున్నాడంటే ఏం చేయాలో మా ఇంట్లో పాలు తాగే రోజులనుంచి నేర్పినారు. మెట్టు దిగనిస్తే పోయినట్టే. వెనక్కి పిలవాలి, ధర తగ్గించైనా పిలవాలి. మా నాయన అన్నం ముందునుంచి లేచి పోయి పిలుచుకొచ్చిన రోజులున్నాయి. నా చెయ్యి నన్నడగలేదు. పోతున్న ఆ వేలిని పట్టుకుంది. తువ్వాలు కిందనే దాన్ని లాగి, మూడో చొక్కా కింది అంచు మీద పెట్టింది. గుడ్డ మీద గుడ్డ ఉన్న చోట.

ఒక్క మాట లేదు. గదిలో చప్పుడంటే మిషన్ చప్పుడే. అది కూడా ఆగిపోయింది.

నకీబ్ తువ్వాలు తీసినాడు. మస్తాన్ దగ్గరున్న కత్తెర లాక్కుని, దాంతోనే మడత విప్పినాడు. గుడ్డ ముక్క బయటికి వచ్చింది. అందులో నాలుగు పేర్లు. నలుగురు తల్లులకు చేరాల్సినవి. అవి ఎవరివో నాకు ఈరోజుకీ తెలీదు, ఆ రాత నాకు రాదు. నకీబ్ వరండాలోకి పోయి మనుషులను కేకేసినాడు. ఆ కాసేపు గదిలో మేమిద్దరమే.

మస్తాన్ నన్ను కొడతాడనుకున్నాను. కొట్టి ఉంటే ఎంత బాగుండేది! మెడలోని టేపు తీసి, వేలికి చుట్టుకుంటూ అడిగినాడు.

"ఎంతకు కుదిరింది శెట్టీ?"

"నేను నోరు తెరవలేదు మస్తాన్ భాయ్. దేవుని సాక్షి. ఒక్క మాట అనలేదు."

"మనం ఎప్పుడన్నా నోటితో బేరం చేసినామా?"

నేను తల దించుకున్నాను.

"బస్సులో సీటా?"

నేను బల్ల మీది తువ్వాలు మడత పెట్టడం మొదలుపెట్టినాను.

"కిటికీ పక్కది అడిగినావా లేదా? నీ మొగం! అడిగుండవు. తొందరపడి ఇచ్చేసుంటావు." నవ్వినాడు. ఆ నవ్వు ఎట్లా నవ్వినాడో నాకు తెలియదు. తర్వాత చుట్టిన టేపును మిషన్ మీద పెట్టి, గొంతు తగ్గించి, "సరే పో. ఊరు పోతే రాయచోటికి ఒకసారి పో. మా నూర్జహాన్‌కు చెప్పు. మొగుడు ఉండాడో లేడో తెలీకుండా ఆడమనిషి ఎన్నేళ్లు కూర్చుంటాది? ఉన్నది ఉన్నట్టు చెప్పు" అన్నాడు.

"చెప్తాను" అన్నాను.

సైనికులు అతన్నీ, పక్షుల గది నుంచి అబూ ఫహద్‌నూ తీసుకుపోయి లారీ ఎక్కించినారు. అది నేను చూసినాను. అంతే.

మర్నాడు బస్సెక్కినాను. సగం సీట్లు ఖాళీ. కిటికీ పక్కనే కూర్చున్నాను. అవును, కిటికీ పక్కనే. నా పక్కన ఒక మలయాళీ డ్రైవరు, లెక్కల గదిలో ఉండినవాడు. నిన్నెట్ల వదిలినారని హిందీలో అడిగినాను. ఎట్లంటే ఏముంది, హిందీలందరినీ పొమ్మన్నారు కదా, పోయిన శనివారమే పేర్లు రాసుకున్నారు, నీది రాసుకోలేదా అన్నాడు. రాసుకున్నారు. శనివారం ఒక సైనికుడు వచ్చి నా పేరు, ఊరు అడిగి రాసుకుని పోయినాడు. ఎందుకని నేనడగలేదు.

అంటే నా పేరు ఆ జేబులో ముందే ఉంది. ఉచితంగా వచ్చే సీటుకు నేను ఒక మనిషిని ఇచ్చినాను. ఇద్దరిని ఇచ్చినాను. నాలుగు పేర్లను ఇచ్చినాను. కువైట్‌లో నాకంటే గట్టి బేరగాడు లేడని మనవాళ్లు అనేవాళ్లు. బస్రా దాకా ఎడారి చూస్తూ ఆ మాటే తలచుకున్నాను. అయినా ఒకటి అడుగుతాను, నన్ను నేనే. పేరు జేబులో లేకపోయి ఉంటే, ఆ సీటు నిజంగా వేలికి బదులు వచ్చి ఉంటే, బరువు తగ్గేదా? బేరం నష్టపోయినందుకు ఏడుస్తున్నానా, మస్తాన్ కోసం ఏడుస్తున్నానా? ఆ బస్సులో ఏది ముందు వచ్చిందో నాకు తెలుసు. రాయలేను. మీకూ అర్థమయ్యే ఉంటుంది.

ఊరు చేరినాక రాయచోటికి పోలేదు. ఈ వారం, వచ్చే వారం. ఆమే వచ్చింది. ఎవరో చెప్పినారంట, ప్రొద్దుటూరు శెట్టి ఒకాయన కువైట్ నుంచి బతికి వచ్చినాడని. మా అంగడి మెట్టు కింద నిలబడి, పైకి రమ్మన్నా రాకుండా అడిగింది. మా ఆయన మస్తాన్, టైలరు, ఖైతాన్‌లో షాపు, ఎక్కడన్నా కనపడినాడా అన్నా, అని. మాట్లాడుతున్నంతసేపూ మెడలో నల్లపూసలు తడుముకుంటూనే ఉండింది.

"కువైట్ ఏమన్నా మన సంతనా అమ్మా, అందరూ కనపడేదానికి" అన్నాను.

ఎంత చక్కగా వచ్చిందో చూడండి మాట. గిరాకీని నొప్పించకుండా పంపించే మాట. ఆమె, మీకు శ్రమ ఇచ్చినానన్నా అని, మెట్టు దిగనక్కరలేదు కదా, కిందే ఉంది, వెనక్కి తిరిగి పోయింది. ఆరోజు మాత్రం నేను వెనక్కి పిలవలేదు.

చెబితే పోలీసులు రారు, కేసు రాదు. అయినా చెప్పలేదు. ఉన్నది ఉన్నట్టు చెప్పాలంటే చివర నా వేలు చెప్పాలి కదా. వేలు తీసేసి మిగతాది చెప్పొచ్చు. లారీ ఎక్కించినారమ్మా, ఇక ఆశ పెట్టుకోవద్దు, అని. ఆ మాత్రం కూడా చెప్పలేదు. ఆ ఖైదీలు ప్రాణాలు పోగొట్టుకున్నది దేనికి? ఇంట్లోవాళ్లకు ఆ నాలుగు సంగతులు తెలియాలనే కదా. పేరు, ఊరు, గది, ఎప్పుడు. ఒక్క ఆడమనిషికి ఆ నాలుగూ చెప్పగల మనిషి ప్రపంచంలో నేనొక్కణ్ణే ఉన్నాను. నకీబ్ పని నేను కొనసాగించినాను.

యుద్ధం అయినాక మళ్లీ కువైట్ వచ్చినాను. అబ్బాసియాలో గుడ్డల షాపు పెట్టినాను. రంజాన్ వచ్చినప్పుడల్లా ఊరికి పోయేవాళ్ల చేత ఆమెకొక చీర పంపేవాణ్ణి. శెట్టన్న బాగుండల్ల అని దీవించేదంట. ఆ దీవెన కూడా తీసుకున్నాను, వద్దనలేదు. ఏళ్ల తర్వాత ఇరాక్ ఎడారిలో కువైటీ ఖైదీల ఎముకలు దొరికినాయి. అబూ ఫహద్‌వి గుర్తుపట్టి, ఆయన ఇంటివాళ్లు తెచ్చి పాతిపెట్టుకున్నారు. రాయచోటి టైలరును ఎవరూ వెతకలేదు. అతని పేరు ఏ జాబితాలోనూ లేదు.

పోయినేడు నూర్జహాన్ అక్క కొడుకు ఒకాయన, ఇక్కడే డ్రైవరు, చొక్కా గుడ్డకు నా షాపుకు వచ్చినాడు. మాటల్లో చెప్పినాడు. పిన్నమ్మ పోయిందంట. ఆఖరి స్నానం చేయించే ఆడవాళ్లు ఆగి వాదులాడుకున్నారంట, మొగుడున్న మనిషా, పోయిన మనిషా అని. నల్లపూసలు అన్నేళ్లుగా మెడలోనే ఉన్నాయి కదా. ఆఖరుకు ఎవరికీ తెలియక, ఒకామె కళ్లు మూసుకుని తెంపేసిందంట.

నా చేతిలో కత్తెర ఉండింది. గుడ్డ వంకరగా తెగింది. ఫరవాలేదు మామా, అన్నాడాయన.

ఆమె ఉన్నప్పుడు చెప్పని మాట ఇప్పుడు ఎవరికి? ఆమెకు కాదు, మస్తాన్‌కు కాదు. మీరు నన్ను క్షమించాలని కాదు. అట్ల అడిగితే అది ఇంకో బేరం అవుతుంది, నేను ఇంత ఇస్తాను మీరు అంత ఇవ్వండి అని. వద్దు. నేను నోరు తెరవలేదు అన్న మాట మాత్రం ఈరోజు దించేస్తున్నాను. దించితే భుజం తేలికైంది, ఆ మాట దాచడం ఎందుకు. మనసు కాలేదు.

అబూ ఫహద్ రాసిన పద్ధతిలోనే రాస్తాను. ఇది ఎవరి చొక్కా అంచులోనూ దాగదు.

షేక్ మస్తాన్, టైలరు. రాయచోటి. సూదిపని గది. బుధవారం, మధ్యాహ్నం నమాజు అయినాక తీసుకుపోయినారు.

చూపించింది నేను.